తిమోర్-అలోర్-పంతార్ భాషలు: న్యూగినీ మహాకుటుంబంలో కలిపేయొచ్చా?

మాటలమూట:
ఇండోనేషియాలో అలోర్, పంతార్ దీవులు, పక్కన తిమోర్ తూర్పు భాగం. అక్కడ అబూయి, బునక్, మకసాయి, ఫాతలుకు లాంటి భాషలతో ఓ చిన్న కుటుంబం ఉంది. చుట్టూ ఆస్ట్రోనేషియన్ భాషలే (మలయ్, జావనీస్ లాంటివాటి కుటుంబం), ఇవి మాత్రం పాపువన్, అంటే న్యూగినీ, దాని చుట్టుపక్కల ఉండే ఆస్ట్రోనేషియన్ కాని భాషలు. 1975లో భాషావేత్త వూర్మ్ వీటిని ట్రాన్స్-న్యూగినీలో, అంటే న్యూగినీలోని చాలా భాషల్ని కలిపే మహాకుటుంబంలో వేశాడు, 2005లో మరో భాషావేత్త మాల్కం రాస్ సర్వనామాలు చూసి అదే అన్నాడు. నా లెక్కలో ఇది తేలిపోయిన విషయం.

వానపాము:
తేలిపోయిందని ఎవరన్నారండీ? రాస్ ప్రకారం ట్రాన్స్-న్యూగినీ మూలభాషలో, అంటే ఆ కుటుంబానికంతటికీ తల్లి అనుకునే భాషలో, 'నేను'కి 'న', 'నువ్వు'కి 'గ'. అలోర్-పంతార్‌లో 'న' సరిపోయింది, కానీ 'గ' అక్కడ 'అతను'! మధ్యమ పురుష, ప్రథమ పురుష తారుమారయ్యాయని సర్దిచెప్పుకోవాలి. ఇలా సర్దుకుంటూ పోతే ఏ భాషనైనా ఎందులోనైనా దూర్చొచ్చు. అబూయిలోనూ 'నా' అంటే నాదే, మరి తెలుగుని కూడా న్యూగినీకి పంపేద్దామా?

మాటలమూట:
ఎగతాళికి బాగుంది గానీ, రాస్ చూసింది ఒక్క 'న'ని కాదు, సర్వనామాల వరస మొత్తాన్ని.

వానపాము:
తిరకాసు ఆ వరసలోనే ఉంది. 2012లో హోల్టన్, క్లామర్ బృందం ధ్వని మార్పులు పట్టుకుని అలోర్-పంతార్ మూలభాషని కట్టింది, బయటి పాపువన్ కుటుంబాలతో చుట్టరికానికి మాత్రం పదజాలంలో గట్టి ఆధారం దొరకలేదంది.

గోదారిగట్టు:
మీరిద్దరూ 2012 దగ్గరే ఆగిపోయారు. 2022లో అషర్, షాపర్ వీటిని న్యూగినీ పడమటి కొసలోని బొంబెరాయి భాషలతో, అంటే ఇహా, మ్బహామ్, కలమాంగ్‌లతో పోల్చి, పదాల్లో ధ్వనుల పొంతన క్రమంగా ఉందని చూపించి, అన్నిటినీ ఒకే కుటుంబంగా కట్టారు. పైగా కలమాంగ్‌లో 'నువ్వు' అంటే 'క', అంటే ఆ చుట్టాల దగ్గర సర్వనామం ఉండాల్సిన చోటే ఉన్నట్టుంది.

మాటలమూట:
చూశారా, నేననేదీ అదే!

వానపాము:
అదెలా అవుతుంది బాబూ? బొంబెరాయితో చుట్టరికం వేరు, ట్రాన్స్-న్యూగినీ వేరు. మొదటిది నిలిచినంత మాత్రాన రెండోది దానంతటదే నిలబడదు. మధ్యలో వెయ్యి కిలోమీటర్ల దూరం, రెండు వైపులా ఆస్ట్రోనేషియన్ నుంచి తెచ్చుకున్న పదాలు, ముందు అవి వడగట్టాలి కదా.

గోదారిగట్టు:
వడగట్టాల్సిందే. కానీ అరువు మాటలు రెండు చోట్లా ఒకే క్రమంలో మారిపోయి ఇలా పొంతన కుదరడం అంత తేలిక కాదు. నేను బొంబెరాయి దాకా ఒప్పుకుంటాను. ఆ పైన కూడా ఇలాంటి పొంతనే కావాలి, సర్వనామాల పట్టిక ఒక్కటీ చాలదు.