ప్రమోషన్ కేసులో పార్టీగా చేర్చకుండానే ఉత్తర్వు వస్తే ఏం చేయాలి?

ప్రశ్న

అందరికీ నమస్కారం. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వ శాఖలో సీనియర్ అసిస్టెంట్ల సీనియారిటీ లిస్టు మీద నలుగురు హైకోర్టులో రిట్ వేశారు. ప్రతివాదులుగా ప్రభుత్వాన్ని, శాఖాధిపతిని మాత్రమే చూపించారు. అడ్మిషన్ దశలోనే (కేసును విచారణకు తీసుకోవాలా అని చూసే మొదటి దశ) జీపీ (ప్రభుత్వ న్యాయవాది) గారి వాదన విని, పిటిషనర్ల సీనియారిటీని 8 వారాల్లో పరిశీలించమని చెప్పి కేసు ముగించారు. దాన్ని పట్టుకుని, ఇప్పటికే సూపరింటెండెంట్లుగా ప్రమోషన్ పొందిన జూనియర్లను రివర్ట్ చేయడానికి (పాత పోస్టుకు దించడానికి) ఫైలు నడుస్తోంది. కేసు నడిచిందన్న సంగతే తెలియని ఆ జూనియర్లకు దారేది? రివ్యూ వేయాలా, అప్పీలుకు వెళ్లాలా?

జవాబు 1

ముందు సర్టిఫైడ్ కాపీ తీసుకుని చివరి పేరా చదవండి సార్. "పరిశీలించాలి" అని మాత్రమే ఉంటే ఎవరు సీనియరో కోర్టు తేల్చలేదన్నమాట. తేల్చే పని ఆఫీసు మీదే ఉంది. లిస్టు మార్చాలనుకుంటే, నష్టపోయేవాళ్లకు నోటీసు ఇచ్చి, అభ్యంతరాలు తీసుకుని, వాటికి కారణాలతో జవాబు చెబుతూ ఉత్తర్వు ఇవ్వాలి. "కోర్టు ఉత్తర్వు కదా, అమలు చేయకపోతే కంటెంప్ట్ (కోర్టు ధిక్కారం)" అంటూ చాలా ఆఫీసులు ఈ మెట్టు దాటేస్తాయి. ఇది పూర్తిగా తప్పు. నోటీసు లేకుండా ఇచ్చిన రివర్షన్ ఉత్తర్వు కోర్టులో నిలబడటం కష్టం.

నోటీసు కోసం ఎదురుచూడకుండా ఇవాళే రిప్రజెంటేషన్ (రాతపూర్వక వినతి) ఇవ్వండి. ఫీడర్ కేటగిరీలో (ఏ పోస్టు నుంచి ప్రమోషన్ ఇస్తారో ఆ పోస్టు) చేరిన తేదీ, ప్రొబేషన్ డిక్లేర్ అయిన ఉత్తర్వు, డిపార్ట్‌మెంటల్ టెస్టులు పాసైన తేదీలు, ఏ సంవత్సరం ప్యానెల్ (ప్రమోషన్‌కు ఎంపికైనవారి జాబితా), ప్రమోషన్ ఉత్తర్వు నంబరు అన్నీ రాయండి. 1996 స్టేట్ అండ్ సబార్డినేట్ సర్వీస్ రూల్స్‌లో రూల్ 33 ప్రకారం మీ స్థానం ఎందుకు సరైనదో చెప్పండి. ఆఫీసు కాపీ మీద ఇన్‌వార్డు నంబరు, తేదీ వేయించుకోవడం మరవద్దు. రేపు రిట్ వేస్తే మొదట అడిగేది అదే.

జవాబు 2

పై సలహా "పరిశీలించాలి" అన్న ఉత్తర్వుకు సరిపోతుంది. "పిటిషనర్లను ఫలానా వారి పైన పెట్టండి" అని నేరుగా ఉంటే మాత్రం ఆ ఉత్తర్వునే సవాలు చేయాలి. సింగిల్ జడ్జి ఉత్తర్వు అయితే డివిజన్ బెంచ్ ముందు రిట్ అప్పీలు, దానితో పాటు పార్టీ కానివాళ్లు అప్పీలు చేయడానికి లీవ్ (అనుమతి) పిటిషన్. గడువు 30 రోజులు. దాటిపోతే ఉత్తర్వు గురించి ఎప్పుడు, ఎలా తెలిసిందో అఫిడవిట్‌లో తేదీతో సహా రాసి ఆలస్యం మాఫీ అడగాలి.

వినలేదన్నదొక్కటే అభ్యంతరమైతే అదే జడ్జి దగ్గర రివ్యూ (ఉత్తర్వును తిరిగి చూడమని అడగడం) కూడా ఉంది. పార్టీ కాని బాధితుడు అడిగినప్పుడు హైకోర్టు తన ఉత్తర్వును తిరిగి చూడవచ్చని శివదేవ్ సింగ్ కేసులో (ఏఐఆర్ తీర్పుల సంకలనం, 1963) సుప్రీంకోర్టు ఒప్పుకుంది. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగులకైతే రివ్యూ ఒక్కటే దారి కాదని, క్యాట్‌లో (కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్) కొత్తగా దరఖాస్తు వేయవచ్చని అజిత్ బాబు కేసు (1997) చెబుతుంది.

కేసు ఇంకా పెండింగ్‌లో ఉండి మధ్యంతర ఉత్తర్వు మాత్రమే వచ్చి ఉంటే ఇంప్లీడ్ పిటిషన్ (మమ్మల్ని పార్టీగా చేర్చండి అని), వెకేట్ పిటిషన్ (ఆ ఉత్తర్వు ఎత్తేయండి అని) రెండూ కలిపి వేయండి. రాజ్యాంగంలోని ఆర్టికల్ 226(3) ప్రకారం ఏకపక్ష మధ్యంతర ఉత్తర్వు మీద వేసిన వెకేట్ పిటిషన్‌ను రెండు వారాల్లో తేల్చాలి. కాపీ అవతలి లాయరుకు ఎప్పుడు ఇచ్చారో రుజువు ఉంచుకోండి, ఆ లెక్క దాని మీదా ఆధారపడుతుంది.

జవాబు 3

ఒక హెచ్చరిక. "మమ్మల్ని పార్టీ చేయలేదు" అన్న ఒక్క మాటతో ప్రతిసారీ గెలవరు. సౌత్ సెంట్రల్ రైల్వే వర్సెస్ ఎ.వి.ఆర్. సిద్ధాంతి కేసులో (1974), సీనియారిటీ నిర్ణయించే సూత్రాన్నే ప్రశ్నిస్తే ప్రభావితులందరినీ చేర్చనక్కర్లేదని సుప్రీంకోర్టు అంది. ప్రబోధ్ వర్మ కేసులో (1984) మాత్రం తీవ్రంగా నష్టపోయేవాళ్లను, సంఖ్య ఎక్కువైతే కనీసం వాళ్ల తరఫున కొందరినైనా, ముందుంచుకోకుండా తీర్పు ఇవ్వకూడదంది. కాబట్టి ఆ రిట్‌లో ప్రేయర్ (కోర్టును కోరినది) ఏమిటో చూడండి. రూల్‌ను కొట్టేయమన్నారా, లేక ఫలానా వాళ్ల పైన మమ్మల్ని పెట్టండి అన్నారా? రెండోదైతే మీ వాదన బలంగా ఉంటుంది.

ఇంకోటి, విని ఉంటే ఏం చెప్పేవారో అఫిడవిట్‌లో రాయాలి. ఉదాహరణకు ఆలస్యం: ప్రమోషన్ మీద అభ్యంతరం ఉంటే ఆరు నెలలు, మహా అయితే ఏడాదిలోపు కోర్టుకు రావాలని సదాశివస్వామి కేసు (1974). ప్రమోషన్లు వచ్చిన నాలుగేళ్లకు వేసిన రిట్ అయితే ఈ అభ్యంతరాన్ని గట్టిగా పట్టుకునేది జూనియర్లే. ప్రభుత్వానికి ఏ నలుగురు పైకి వెళ్లినా ఒకటే. పైగా అడ్మిషన్ దశలో కౌంటర్ (ప్రతివాదుల రాతపూర్వక జవాబు) కూడా ఉండదు, కోర్టుకు కనిపించేది పిటిషనర్ కాగితాలే. వినకపోవడం వల్ల అసలు నష్టం ఇదే.

ప్రశ్న అడిగినవారు

చాలా థాంక్స్ అండీ. అందరూ కలిసి వేయవచ్చా?

జవాబు 3

ఒకే ప్యానెల్ వాళ్లు కలిసి వేయండి. వేర్వేరు ప్యానెళ్ల వాళ్లు విడిగా వెళ్లడమే మేలు. లిస్టు మారినప్పుడు ఒకరు దిగితే ఇంకొకరు పైకి జరుగుతారు, అప్పుడు ఒకే అఫిడవిట్‌లో మీ వాదనలే ఒకదానికొకటి అడ్డు వస్తాయి.