ఒంటినీడ పట్టిందా, పడిందా, కట్టిందా?

ఇద్దరు సూర్యులున్న లోకం గురించి నవల రాస్తున్న మన బృంద సభ్యులొకరు అడిగిన సందేహం నుంచి పుట్టిన ప్రశ్న ఇది. ఆ లోకంలో ప్రతి మనిషికీ రెండు నీడలు. ఒకటి తనది, రెండోది పూర్వీకులదని అక్కడివాళ్ల నమ్మకం. తరానికోసారి ఒక సూర్యుడు సరిగ్గా రెండోవాడి వెనక్కి వెళ్తాడు. అప్పుడు అందరికీ ఒక్క నీడే మిగులుతుంది. సాక్షిగా ఉండాల్సిన పెద్దలు పక్కన లేరు కాబట్టి ఆ పూట ఎవరూ ఒట్టు వేయరు, అప్పు ఇవ్వరు. దీన్ని 'ఏకచ్ఛాయాయోగం' అనొచ్చా అని వారి సందేహం.

అనొచ్చు. ఆ లోకంలో పంచాంగం రాసేవాళ్లుంటే వాళ్లు అలాగే అంటారు. పొలం నుంచి ఇంటికొస్తూ ఆకాశం చూసినవాడు మాత్రం అలా అనడు. వాడి నోటికి 'ఒంటినీడ' బాగుంటుందని ఇక్కడే ఒకరు సూచించారు. దానికి ఇంకొకరు, 'ఒంటి నీడ అంటే ఒంటికి ఉండే నీడ, శరీరపు నీడ అని కూడా అర్థం వస్తుంది, గందరగోళం' అన్నారు. నాకైతే ఆ గందరగోళమే నచ్చింది. పెద్దల నీడ పోయి మిగిలేది ఒంటి నీడే కదా! ఒకటే నీడ, అదీ ఒంటిదే. రెండర్థాలూ ఈ కథకి సరిపోయాయి. ఇలాంటి అవకాశం వెతికితే దొరకదు, వదులుకోకండి.

అసలు చిక్కు పేరుతో కాదు, క్రియతో. మన భాషలో ఆకాశంలో జరిగే ఒక్కోదానికి ఒక్కో క్రియ ఉంది. పొద్దు పొడుస్తుంది, గుంకుతుంది. వెన్నెల కాస్తుంది. చుక్క రాలుతుంది. హరివిల్లు విరుస్తుంది. వీటన్నిటికీ 'సంభవించింది', 'ఏర్పడింది' అని పెట్టి చూడండి, వాతావరణ ప్రకటన అయిపోతుంది. గ్రహణం సంగతి ఇంకా తమాషా. ఆ సంస్కృతపు మాటకి అర్థమే పట్టుకోవడం. అయినా మనం ఊరుకోక 'గ్రహణం పట్టింది' అన్నాం. పట్టింది కాబట్టి విడవాలి, అందుకని పట్టుస్నానం, విడుపుస్నానం వచ్చాయి. చివరికి పెదవి చీలి పుట్టిన బిడ్డకి 'గ్రహణం మొర్రి' అన్నాం. గర్భంలో తొలి వారాల్లో పెదవి భాగాలు సరిగ్గా అతుక్కోకపోవడం వల్ల వచ్చేది అది, గ్రహణానికీ దానికీ సంబంధం లేదు. కానీ ఒక ఆకాశపు వింత జనం నమ్మకంలోకి ఎంత లోతుగా దిగిందో ఆ పేరు చెబుతుంది. కల్పిత సంస్కృతికి కూడా ఇలాంటి జాడలు కావాలి.

వరదగుడినీ చూడండి. ఎత్తయిన పలచని మబ్బుల్లోని మంచు స్ఫటికాల్లో వెలుగు వంగి చంద్రుడి చుట్టూ వలయం కనిపిస్తుంది. శాస్త్రులు పరివేషం అన్నారు, రైతులు గుడి కట్టింది అన్నారు. 'దూరపు గుడి దగ్గర వాన, దగ్గర గుడి దూరపు వాన' అని సామెత కూడా చేసుకున్నారు.

ఆ 'కట్టింది'నే ఒంటినీడకి వాడమంటాను. కారణం ఉంది. ఇద్దరు సూర్యులుంటే ఒక్కో నీడలోకి రెండోవాడి వెలుగు పడుతుంది కాబట్టి నీడలు పలచగా ఉంటాయి. సూర్యులు దగ్గరయ్యే కొద్దీ నీడలు ఒకదాని మీదికొకటి జరుగుతాయి, కలిసిన చోట చిక్కబడతాయి. పాల మీద మీగడ కట్టినట్టు మెల్లగా, చిక్కగా. 'పట్టింది' అంటే గ్రహణం గుర్తొస్తుంది, 'పడింది' అంటే రోజూ పడే మామూలు నీడే.

లెక్క విషయంలో ఒక్క జాగ్రత్త. ఇలాంటి లోకాలు నిజంగానే ఉన్నాయి. 2012లో ప్రకటించిన కెప్లర్-34 గ్రహం మన సూర్యుడిలాంటి రెండు నక్షత్రాల చుట్టూ 289 రోజులకోసారి తిరుగుతుంది. ఆ నక్షత్రాలు ఒకదాన్నొకటి చుట్టిరావడానికి 28 రోజులు చాలు. గ్రహం కూడా అదే తలంలో తిరిగితే ఒంటినీడ కొన్ని వారాలకోసారి వచ్చేస్తుంది, ఇక పండగేం ఉంటుంది? కాబట్టి మీ గ్రహం దారిని వాల్చండి. చంద్రుడి దారి సుమారు 5 డిగ్రీలు వాలి ఉండబట్టే ప్రతి అమావాస్యకీ మనకి గ్రహణం రావడం లేదు.

ఇంకో లోపం, మీ లోకంలో అందరూ నమ్మేవాళ్లే. 1910లో తోకచుక్క అరిష్టమని జనం హడలిపోతుంటే గురజాడ 'ముత్యాల సరములు'లో అది భూమికి దూరపు చుట్టం అన్నారు. అలాంటివాడు ఒకడైనా అక్కడ ఉండాలి. ఒంటినీడ కట్టిన పూటే కావాలని అప్పిచ్చేవాడు!

ఇక విడుపు మాట. 'నీడ చీలింది' అని కొందరన్నారు, కానీ చీలడం మనకి చెడ్డమాట. వాళ్లకేమో రెండు నీడలే క్షేమం. 'నీడ జతపడింది' అంటే సరిపోతుంది. 'ఒంటినీడ కట్టకముందే బాకీ తీర్చు', 'నీడ జతపడ్డాక మాట్లాడదాం' అని పాత్రల చేత అనిపించి చూడండి. మాట తప్పేవాడికి 'ఒంటినీడోడు' అనే తిట్టు దానంతటదే పుడుతుంది.