కరికి మకరి, మకరికి కరి: భరమా, భారమా?

రేగడినేల: గజేంద్రమోక్షంలో ఆ పెనుగులాట కందం రెండ్రోజులుగా నోట్లో నానుతోంది. "కరికి మకరి మకరికి కరి" దాకా సాఫీగా వస్తుంది. ఆ తర్వాత మా ఇంట్లో "భారమనుచు" అనేవారు, అచ్చులో "భరమనుచును" అని ఉంది. ఏదైనా బరువేగా? నీళ్లలో బరువు తగ్గుతుంది కదా, మరి మడుగులో ఉన్న ఏనుగు మొసలికి భరమెలా అయింది?

కందప్రియ: భారము కుదరదండీ. "కరి" అని లఘువుతో ఎత్తుకున్నాక నాలుగు పాదాలూ లఘువుతోనే మొదలవ్వాలి. పైగా రెండు, నాలుగు పాదాల చివర తప్పనిసరి గురువులు తప్ప పద్యమంతా లఘువులే. రాగం తీసేటప్పుడు "భ" సాగి ఉంటుంది.

ఫిజిక్స్ మాస్టారు: ఛందస్సు సరే. ఏనుగు సాంద్రత దాదాపు నీటి సాంద్రతే, అందుకే ఇట్టే ఈదేస్తుంది. 4 టన్నుల ఏనుగు 3 టన్నుల నీటిని పక్కకు నెట్టేంత లోతుకు దిగిందనుకోండి, పాదాల మీద మిగిలేది ఒక టన్నే. కాలు నేలను పట్టేది ఆ మిగిలిన బరువును బట్టే. మొసలికి నేలతో పనేముంది, తోక చాలు. కాబట్టి లోతులో కరి మకరికి భరం కాదు. దరికి లాగేకొద్దీ నీళ్లు తగ్గి బరువు తిరిగొస్తుంది, అప్పుడు భరం. రెండో పాదం "కరి దరికిని" అన్నది అందుకే.

తుమ్మెద: బావిలో బొక్కెన కూడా అంతేగా మాస్టారూ. మునిగి ఉన్నంతసేపూ చేతికి తెలియదు, అంచు నీళ్లు దాటిందో లేదో గిలక కిర్రుమంటుంది, చేంతాడు అరచేతిని కోస్తుంది.

ఫిజిక్స్ మాస్టారు: అదే. లోపలి నీళ్లకు బావిలో బరువే తెలియదు. ఇనుముకు మాత్రం ఎనిమిదో వంతు తగ్గుతుంది, కిలో ఇనుము సుమారు 870 గ్రాములు తూగుతుంది.

కందప్రియ: పోతనను త్రాసులో పెట్టకండి. ఇక్కడ భరమంటే తూకం కాదు, ఓపశక్యం కానిది. అన్నట్టు మొదటి పాదం "కరి దిగుచు"లో "దిగుచు" అంటే దిగడం అనుకునేవాళ్లున్నారు. అది "తిగుచు", లాగడం. ముందున్న ద్రుతం (నకారం) మీద "త" సరళమై "ద" అయింది.

ఫిజిక్స్ మాస్టారు: ఓపశక్యం కాకపోవడానికీ కారణం ఉండాలిగా! తూకం తగ్గినా ద్రవ్యరాశి తగ్గదు. 4 టన్నులను ఈడవాలంటే నీళ్లలోనూ 4 టన్నులే.

రేగడినేల: మరి ఇందాక లోతులో భరం కాదన్నారు?

తుమ్మెద: "లావొక్కింతయు లేదు" అని ఏనుగే ఒప్పుకుంది, ఇంకా లెక్కలెందుకు? 😄

కందప్రియ: ఆ లావు బలమండీ, ఒళ్లు కాదు. "లావుగలవాని కంటెను" సుమతి పద్యంలోనూ అంతే.

చెరువుగట్టు: "స్థానబలిమి గాని తన బలిమి కాదయా" అని వేమన నాలుగు ముక్కల్లో తేల్చేశాడు. అదే మొసలిని బయట కుక్క భంగపరుస్తుందట. మాస్టారి పాఠమంతా అందులోనే ఉంది.

తుమ్మెద: వేమన తేల్చాడేమో గానీ, మొసళ్లను దాచడంలో పోతన్నే మొనగాడు. "మకరమొకటి రవి జొచ్చెను" అంటూ రాశిలో ఒకదాన్ని, కుబేరుడి నిధుల్లో ఒకదాన్ని సర్దేశాడు!

చెరువుగట్టు: ఆ పద్యంలో "కూర్మరాజు మఱువున" అనా, "మఱుగున" అనా? నాకు రెండోదే వచ్చు.

కందప్రియ: మఱువునే. దాని మీద కొట్లాడాలంటే వేరే పోస్టు పెట్టండి, వస్తాను.