షాట్లన్నీ ముందుగా చిన్న బొమ్మలుగా వేసుకునే స్టోరీబోర్డులోనే ఒక్కో షాటు నిడివి రాసి ఉన్నప్పుడు జపాన్ యానిమేషన్‌లో ఎడిటరుకు మిగిలే పని ఏమిటి?

రవళి_కూర్పు:
తకేషి సెయామా ఎడిట్ చేసిన మూడు సినిమాలు 1988లోనే విడుదలయ్యాయి. ఏప్రిల్ 16న మియజాకి ‘మై నెయిబర్ టోటోరో’, తకహాతా ‘గ్రేవ్ ఆఫ్ ది ఫైర్‌ఫ్లైస్’ జంటగా వచ్చాయి. జులైలో ఒటొమో ‘అకీరా’ వచ్చింది. దర్శకులు ముగ్గురు, కథ నడిచే తీరులు మూడు, ఎడిటరు మాత్రం ఒక్కరే. ఈ సినిమాల గురించి ఇక్కడ ఇన్నేళ్ళుగా ఇంత రాసుకున్నాం కానీ, ఆయన పేరు ఎవరూ ఎత్తకపోవడం నాకు బాధగా ఉంది.

గీతల_వాసు:
రవళి గారూ, మీరిచ్చిన ఉదాహరణే మీ వాదనకు అడ్డం వస్తోంది. ఎడిటరు ఒక్కరే అయినా తీరులు మూడు వచ్చాయంటే, అవి దర్శకులవే కదా? మామూలు సినిమాలో ఒకే సన్నివేశాన్ని నాలుగు కోణాల్లో తీస్తారు కాబట్టి ఎడిటరు ఏరుకుంటారు. జపాన్ యానిమేషన్‌లో అయితే బొమ్మ గీయకముందే ప్రతి షాటు పక్కనా ఎన్ని సెకన్లు, ఎన్ని ఫ్రేములు అన్నది స్టోరీబోర్డులో రాసి ఉంటుంది.

సాయి_నెల్లూరు:
‘అకీరా’కు మాటలు ముందే రికార్డు చేశారు. అప్పుడు నిడివి మార్చే వీలు ఇంకా తక్కువ కదా?

రవళి_కూర్పు:
సాయి గారూ, ఆ పద్ధతి అక్కడ అరుదు. సాధారణంగా డబ్బింగుకు ముందే ఎడిటింగు జరుగుతుంది. రంగులు పడని షాట్లను, ఒక్కోసారి పెన్సిలు గీతలే ఉన్నవాటిని వరుసగా పేర్చి, ఇంకా ఎవరూ పలకని మాటకు ఎంత చోటు వదలాలో తేల్చుకోవాలి. వాసు గారూ, స్టోరీబోర్డులో రాసిన సెకన్లు ఊహించి వేసుకున్న లెక్క. షాట్లు ఒకదాని పక్కన ఒకటి చేరాకే ఆ లెక్క నిలుస్తుందో లేదో తెలుస్తుంది. తల తిప్పిన పాత్ర మీద ఆరు ఫ్రేములు, అంటే పావు సెకను, ఎక్కువ ఉంచితే ఆ మనిషి సందేహిస్తున్నట్టు ఉంటుంది. అవి తీసేస్తే అప్పటికే నిర్ణయించుకున్నట్టు ఉంటుంది.

గీతల_వాసు:
ఆరు ఫ్రేములంటే ఎంత? అక్కడ చాలాచోట్ల ఒక్కో బొమ్మను మూడేసి ఫ్రేములు నిలుపుతారు కాబట్టి, మీరు చెప్పేది రెండు బొమ్మల తేడా. దాన్ని ప్రత్యేకమైన సృజన అని ఎలా ఒప్పుకోమంటారు?

రవళి_కూర్పు:
మళ్ళీ బొమ్మలే లెక్కపెడుతున్నారు. నేను హైదరాబాదులో ఒక స్టూడియోలో రెండేళ్ళు కూర్చుని పిల్లల సీరీస్ మొత్తం ఎడిట్ చేశాను. టైటిల్స్‌లో నా పేరు ‘సాంకేతిక సహాయం’ కింద వేశారు. అడిగితే, “అన్నీ బోర్డులో ఉన్నవే కదమ్మా” అన్నారు. ఇప్పుడు మీరూ అదే మాట అంటున్నారు.

లక్ష్మి_వరంగల్:
ఇద్దరూ కాస్త నెమ్మదించండి. ఇంత పట్టుదల ఆరు ఫ్రేముల కోసం అయి ఉండదు.

గీతల_వాసు:
కాదు లక్ష్మి గారూ. నేను యానిమేటర్ని. ఒక ముసలావిడ చీర కొంగుతో చేతులు తుడుచుకుని మంచినీళ్ళ గ్లాసు అందుకునే షాటును పదకొండు రోజులు గీశాను. తడి చేతికి కొంగు అంటుకుని విడివడే తీరు పట్టుకోవడానికే మూడు రోజులు పట్టింది. ఎడిటింగులో నలభై ఫ్రేములు తీసేశారు. చేతులు తుడుచుకోవడం పోయి, గ్లాసు అందుకోవడం మాత్రం మిగిలింది. నాకు ఒక్క మాటైనా చెప్పలేదు, తెర మీద చూసి తెలుసుకున్నాను. ఎడిటరుది సృజన అని ఒప్పుకుంటే, నా గీతలను నాకు చెప్పకుండా తీసేసే అధికారాన్నీ ఒప్పుకున్నట్టే అవుతుంది. మొదటినుంచీ నేను కాదంటున్నది అందుకే.

రవళి_కూర్పు:
మీకు చెప్పకపోవడం తప్పే. నేనైతే పిలిచి చూపించేదాన్ని. కానీ చూపించాక కూడా తీసేసి ఉండేదాన్నేమో, అది దాచను. ఆ తర్వాతి షాటులో ఏముంది?

గీతల_వాసు:
మనవడు గుమ్మం దాటి వెళ్ళిపోతుంటాడు. ఆ నలభై ఫ్రేములూ ఉండితీరాలని నేను అనేది అందుకేనండీ. ఆవిడ చేతులు తుడుచుకునేంత ఆలస్యం తెర మీద కనబడకపోతే, వాడు నీళ్ళు తాగకుండా ఎందుకు వెళ్ళిపోయాడో చూసేవాళ్ళకు ఎలా తెలుస్తుంది?