నల్లమట్టిలో గౌరా: కాడలు వాలిపోవడం, మొదలు కుళ్ళడం

ప్రశ్న (ఫ్రిస్కో, టెక్సస్)

అందరికీ నమస్కారం. మేము డాలస్ దగ్గర ఫ్రిస్కోలో ఉంటున్నాము. ఇంటి ముందు లాన్ అంచున, పడమటి ఎండ బాగా తగిలే చోట, నిరుడు వసంతంలో గౌరా మొక్కలను వరుసగా నాటించాము. తొలి వేసవి అంతా సన్నని కాడల మీద తెల్లని పూలు గాలికి ఊగుతూ ఎంతో ముచ్చటగా ఉండేవి. ఈ ఏడు మాత్రం కాడలు నడుము ఎత్తు దాటి పెరిగి, పూలు తగ్గి, చిన్న వానకే నేలకు ఒరిగిపోతున్నాయి. మార్చి, ఏప్రిల్ వానల తరువాత ఒక మొక్క పూర్తిగా చనిపోయింది. పెకలించి చూస్తే వేరు మొదలు గోధుమ రంగుకు తిరిగి, వేలితో నొక్కితే దిగబడేంత మెత్తగా ఉంది. మిగిలిన మొక్కల ఆకుల మీద ముదురు ఎరుపు మచ్చలు కనిపిస్తున్నాయి. లాన్‌కు పెట్టే స్ప్రింక్లర్ నీరే వీటికీ అందుతుంది, లాన్ చూసేవారు చల్లే ఎరువు కూడా కొంత వీటి మీద పడుతుంది. మా నేల బిగుతైన నల్లమట్టి. ఉన్న మొక్కలను నిలుపుకోవడానికి ఏం చేయాలో, మచ్చలకు మందు కొట్టాలో వద్దో అనుభవం ఉన్నవారు దయచేసి తెలియజేయగలరు.

సమాధానం (ప్లేనో, టెక్సస్)

నమస్కారమండీ. మీ మొక్కలకు తక్కువైనది ఏమీ లేదు, నీరూ ఎరువూ ఎక్కువయ్యాయి. గౌరా టెక్సస్, లూసియానా ప్రాంతాల సొంత మొక్క. క్యారెట్ దుంపలా లావైన తల్లివేరు లోతుకు దించి, పై మట్టి ఎండిపోయినా కింది తేమతో బతుకుతుంది. అటువంటి వేరు చుట్టూ నీరు నిలిచిందంటే, ముఖ్యంగా చలికాలంలోనూ వసంతపు చల్లని వానల్లోనూ, మొదలు దగ్గర కుళ్ళు మొదలవుతుంది. మండుటెండ కంటే ఈ చల్లని తడే దీనికి ప్రమాదం.

డాలస్ చుట్టుపక్కల నల్లమట్టి మన నల్లరేగడి జాతిదే. ఎండకు నెర్రెలు విచ్చి, వాన పడగానే ఉబ్బి మూసుకుపోయి, నీటిని కిందికి దిగనివ్వదు. రేగడి పొలం ఎరిగిన వారికి ఈ గుణం వివరించనక్కరలేదు. ముందుగా మొక్కల పక్కనే అడుగు లోతు గుంత తీసి నీళ్ళు నింపి చూడండి. మరునాటికి కూడా నీరు మిగిలి ఉంటే ఆ చోటు గౌరాకు పనికిరాదు. అప్పుడు నేలను ఎనిమిది, పది అంగుళాలు ఎత్తు చేసి మడి కట్టడమే సరైన దారి. ఇక్కడి నర్సరీల్లో ఎక్స్‌పాండెడ్ షేల్ పేరుతో, కాల్చి ఉబ్బించిన తేలికైన రాతి గుళ్ళు అమ్ముతారు. వాటిని మూడు అంగుళాల మందాన పరచి, పైన కొద్దిగా కంపోస్టు వేసి, ఆరు నుంచి ఎనిమిది అంగుళాల లోతు వరకు మట్టిలో కలపాలి. మట్టి గుల్లబడుతుందని ఉత్త ఇసుక కొద్దికొద్దిగా కలిపేవారు ఉన్నారు కాని, బంకమట్టిలో అది మరింత గట్టిపడుతుంది.

స్ప్రింక్లర్ నీరు అటువైపు పడకుండా తల తిప్పించండి. వేరు నిలదొక్కుకున్న మొక్కకు ఎండాకాలంలో వాన లేనప్పుడు రెండు వారాలకు ఒకసారి లోతుగా తడిస్తే సరిపోతుంది. లాన్ ఎరువులో నత్రజని ఎక్కువ కాబట్టి కాడలు లేతగా, పొడుగ్గా సాగి వాలిపోతున్నాయి. ఈ మొక్కకు విడిగా ఎరువే అవసరం లేదు. నేల మీద కప్పుగా బెరడు ముక్కలు (మల్చ్) వేసి ఉంటే మొదలు నుంచి జానెడు దూరం జరపండి.

సమాధానం (ఆస్టిన్, టెక్సస్)

మచ్చలకు మందు కొట్టనక్కరలేదు. గౌరా ఆకుల మీద ఎర్రని మచ్చలు రావడం ఆ మొక్క సహజ గుణమే, చల్లని వాతావరణంలో మరీ స్పష్టంగా కనిపిస్తాయి. తోక మీద కొమ్ము ఉన్న లావుపాటి గొంగళిపురుగు ఎప్పుడైనా కనిపిస్తే దానినీ చంపకండి. అది తెల్లచారల స్ఫింక్స్ అనే చిమ్మట పిల్ల. కొన్ని ఆకులు తిన్నా మొక్క మళ్ళీ చిగురిస్తుంది.

వాలిపోయే మొక్కకు ఊతకర్ర కంటే కత్తిరింపే మంచిదని నా అభిప్రాయం. మన ప్రాంతంలో ఫిబ్రవరి చివర బెత్తెడు ఎత్తు ఉంచి పాత కాడలన్నీ కోయాలి. అడుగు ఎత్తు పెరిగాక సగానికి తుంచితే పక్క కొమ్మలు వచ్చి మొక్క గుబురుగా తయారవుతుంది. ఆ అదను దాటింది కనుక, మీరు ఇప్పుడు మూడో వంతు కోయండి. కొన్ని వారాలకు కొత్త కాడలు లేచి, మంచు పడేదాకా పూస్తాయి. ఒక్కొక్క పువ్వు తెల్లగా విచ్చుకొని, ఒకటి రెండు రోజుల్లో గులాబీ రంగుకు తిరిగి రాలిపోతుంది కనుక వాడిన పూలను ఏరే పని పెట్టుకోకండి. పూత పూర్తిగా అయిపోయిన కాడలను మాత్రం మొదలంటా తీసివేయండి. కొత్తవి కొనేటట్లయితే విర్లింగ్ బటర్‌ఫ్లైస్ రకం పొట్టిగా ఉంటుంది. గులాబీ పూలు ఇష్టమైతే సిస్కియూ పింక్ తీసుకోండి. శాస్త్రజ్ఞులు గౌరాను ఈనోథెరా ప్రజాతిలో కలిపారు కనుక చీటీ మీద ఆ పేరు ఉన్నా సందేహించనక్కరలేదు.

సమాధానం (న్యూజెర్సీ)

మావంటి చలి ప్రాంతాల వారికి ఒక్క మాట. శరదృతువులో కాడలు కోయకండి, వసంతం వరకు అలాగే ఉంచండి. గౌరా ఆలస్యంగా చిగురిస్తుంది. పక్క మొక్కలన్నీ పచ్చబడినా ఇది రాలేదని తొందరపడి తవ్వి పారేయవద్దు.

ప్రశ్న అడిగినవారు (ఫ్రిస్కో)

అందరికీ కృతజ్ఞతలు. నీరు నిన్ననే ఆపించాను. మడి కట్టిన తరువాత ఈ మొక్కలనే తవ్వి అందులోకి మార్చవచ్చునా?

సమాధానం (ప్లేనో, టెక్సస్)

ముదిరిన మొక్కను తవ్వితే తల్లివేరు తెగుతుంది, బతకడం కష్టం. వాటిని అక్కడే ఉంచి, వాటి నుంచే కొత్తవి తీసుకోవడం మేలు. ఇప్పుడు కోసే కొమ్మల్లో మొగ్గ లేనివాటిని ఎంచి, నాలుగంగుళాల ముక్కలుగా చేసి, కింది ఆకులు తీసి, తడిపిన పెర్లైట్‌లో (నర్సరీల్లో దొరికే తేలికైన తెల్లని గుళ్ళు) గుచ్చి నీడన ఉంచండి. విత్తనం రాలి మొలిచిన పిల్లలు దొరికితే అవి ఇంకా సులువు. నాలుగైదు ఆకుల దశలో మట్టిగడ్డతో సహా ఎత్తి కుండీలో పెట్టవచ్చు. సెప్టెంబరు చివర ఎండ తగ్గాక మడిలో నాటితే, చలి ముదిరేలోగా వేరు పట్టుకుంటుంది.