తాత తీసిన ఫోటోలు: ఇంటివారివా, వంశానివా?

పాతఆల్బమ్: కెనడాలోని యూకాన్‌లో, టెస్లిన్ అనే చిన్న ఊళ్ళో జార్జ్ జాన్‌స్టన్ అనే ఆయన ఉండేవారు. ట్లింగిట్ అనే ఆదివాసీ తెగ ఆయనది. ఉచ్చులు పన్ని బొచ్చుజంతువులను పట్టేవారు, వేటాడేవారు. కెమెరా కొనుక్కుని దశాబ్దాల పాటు తన చుట్టాలనూ ఇరుగుపొరుగునూ ఫోటోలు తీశారు. ఊరికి దారే లేని రోజుల్లో, 1928లో, స్టీమరు మీద షెవర్లే కారు తెప్పించుకుని, చలికాలంలో గడ్డకట్టిన సరస్సు మీద నడిపారు. వేటలో కనబడకుండా దానికి తెల్లరంగు కూడా వేశారు! ఇప్పుడు ఆ ఊళ్ళో ఆయన పేరిట మ్యూజియం ఉంది.

ఇలాంటి ట్లింగిట్ ఇళ్ళలో ఉన్న ఫోటోలన్నీ అందరూ చూసేలా ఆన్‌లైన్‌లో పెట్టెయ్యొచ్చా? వంశం పెద్దలు సరేననేదాకా వద్దంటాను నేను.

గోదారిగట్టు: నేను ఒప్పుకోనండి. ఆ ముఖాలకు పేర్లు చెప్పగలిగే ముసలివాళ్ళు ఒక్కొక్కరే వెళ్ళిపోతున్నారు. 1942లో అలాస్కా హైవే పనులు మొదలయ్యాక తట్టులాంటి రోగాలు టెస్లిన్‌ను ఎంత పీడించాయో తెలుసు కదా. ఎక్కడో వాంకూవర్‌లో ఉన్న మనవరాలు ఫోన్‌లో చూసి "ఈవిడ మా అమ్మమ్మే" అనాలంటే ఫోటో బయటికి రావాలి. పెద్దల అనుమతి కోసం కూర్చుంటే పెద్దలే మిగలరు.

పాతఆల్బమ్: ఆ తొందర నాకూ ఉందండి. కానీ ఒక్క చిక్కు చూడండి. మనకు తండ్రి ఇంటిపేరు వస్తుంది, వాళ్ళకు తల్లి వంశం. పైగా వాళ్ళ వంశాలన్నీ కాకి, గద్ద అని రెండు పక్షాలు. కాకి పక్షంవాళ్ళు గద్ద పక్షంవాళ్ళనే పెళ్ళి చేసుకోవాలని ఆచారం. అంటే తండ్రి ఆల్బమ్ కొడుకు చేతికి వచ్చిందంటే, అవతలి పక్షానికి వచ్చినట్టే. కాగితం కొడుకుదే. అందులో తండ్రి భుజాన ఉన్న దుప్పటి మీది చిహ్నం మాత్రం కొడుకుది కాదు. పాటలూ కథలూ చిహ్నాలూ వంశం ఉమ్మడి ఆస్తి. దాన్ని 'అట్ ఊ' అంటారు.

అలాస్కాలోని క్లుక్వాన్ అనే ట్లింగిట్ ఊళ్ళో 'తిమింగలం ఇల్లు' అనే వంశపు ఉమ్మడి ఇంటి సంగతే తీసుకోండి. 1895 ప్రాంతంలో విన్‌టర్, పాండ్ అనే ఫోటోగ్రాఫర్లు ఆ ఇంటి లోపల ఫోటో తీశారు. అందులో కనిపించే చెక్కడపు స్తంభాలనూ తెరనూ 1984లో బయటికి అమ్మేశారు. ఒక మనిషి అమ్ముకోవడానికి అవి అతని సొత్తు కావని 1993లో ఆ ఊరి తెగ న్యాయస్థానం తీర్పిచ్చింది. మరుసటి ఏడాది అవి ఇల్లు చేరాయి. స్తంభానికి ఉన్న మాట దాని బొమ్మకు లేదా?

కృష్ణాతీరం: రెండూ ఒకటే గాటన కట్టకండి. సరస్సు మీది కారు ఫోటోకు ఎవరి అనుమతి కావాలి? చిహ్నాలు కనబడేవీ, వేడుకలవీ వేరుగా తీసిపెట్టాలి. ఏ ఫోటో ఎవరు చూడొచ్చో వంశంవాళ్ళే పెట్టుకునే ముకుర్తు అనే సాఫ్ట్‌వేర్ ఉంది. ఆస్ట్రేలియాలో వరుముంగు అనే ఆదివాసులతో కలిసి తయారుచేసింది.

గోదారిగట్టు: వేరుచేయడానికైనా ముందు చూడగలిగినవాళ్ళు ఉండాలిగా. ప్రింట్లు తీసుకుని ఆ ముసలమ్మల వంటింటి బల్ల దగ్గరికే వెళ్ళమనండి. పేరు చెబుతుంటే రికార్డు చేసుకోవాలి, ఇది పెట్టొచ్చా అని అప్పుడే అడగాలి. ఆ పని ఈ చలికాలమే జరిగితే మీ మాటకు నేనూ సరే.