బెక్‌డెల్ టెస్ట్ పాసయింది, అయినా హీరోయిన్ బొమ్మలాగే ఉంది. లోపం ఎక్కడ వెతకాలి?

పేజీ_ముప్పైరెండు అడిగిన ప్రశ్న:

అరగంట సినిమాకి స్క్రిప్టు రెడీ. తండ్రి వదిలివెళ్లిన ప్రింటింగ్ ప్రెస్ అమ్మాలా వద్దా అన్నదే కథ. ప్రధాన పాత్ర అక్క, తర్వాత చెల్లి, తమ్ముడు. సినిమాలో కనీసం ఇద్దరు ఆడవాళ్లు ఉండి, మగవాడి గురించి కాకుండా ఇంకేదైనా తమలో తాము మాట్లాడుకోవాలనే బెక్‌డెల్ టెస్ట్‌కి ఢోకా లేదు, అక్కాచెల్లెళ్లు మూడు సీన్లలో ప్రెస్ గురించే మాట్లాడుకుంటారు. కానీ చదివినవాళ్లంతా "కథ తమ్ముడే నడుపుతున్నాడు, అక్క పక్కన నిలబడి చూస్తోంది" అంటున్నారు. స్క్రిప్టులో ఏం కొలవాలి? షాట్ డివిజన్‌లో (సీన్ని షాట్లుగా విడగొట్టేటప్పుడు), ఎడిట్‌లో ఏం చూసుకోవాలి? యూనిట్‌లో ఆడవాళ్లు పేరుకి కాకుండా పనిలో ఉండాలంటే ఎలా? ఒక సన్నిహిత సన్నివేశం కూడా ఉంది. సిద్ధాంతం కంటే పద్ధతి చెబితే మేలు.

సీన్‌కార్డు:

ముందు ఆ టెస్ట్ సంగతి. 1985లో ఆలిసన్ బెక్‌డెల్ తన కామిక్ స్ట్రిప్‌లో వేసిన చురక అది. ఆలోచన తన స్నేహితురాలు లిజ్ వాలెస్‌దని ఆవిడే చెప్పారు. వంద సినిమాల మీద పెడితే పరిశ్రమ తీరు బయటపడుతుంది, ఒక్క స్క్రిప్టు మీద పెడితే ఏమీ తేలదు. 2013లో వచ్చిన 'గ్రావిటీ'ని దాదాపు మొత్తం ఒక స్త్రీ పాత్రే మోస్తుంది, అయినా అది ఫెయిల్. ఇద్దరు అమ్మాయిలు చెప్పుల గురించి ఒక్క ముక్క మాట్లాడుకుంటే పాస్.

మీ స్క్రిప్టుకి పనికొచ్చేది సీన్ల పట్టిక. సీన్ నంబరు వేసి పక్కన నాలుగు గడులు గీయండి. ఈ సీను ఎవరి అవసరంతో మొదలైంది, చివరికి ఎవరి పరిస్థితి మారింది, తర్వాతి సీను ఎవరి నిర్ణయం వల్ల వచ్చింది, ప్రేక్షకుడికి కొత్త సంగతి ఎవరి ద్వారా తెలిసింది. మీరు చెప్పినదాన్ని బట్టి మొదటి రెండు గడుల్లో అక్క పేరు బాగానే ఉంటుంది, మూడో గడి నిండా తమ్ముడే ఉంటాడు. బాధపడేది ఆవిడ, నిర్ణయించేది అతను. రోగం అక్కడే.

ఇక్కడ చాలామంది చేసే తప్పు వైద్యం ఏమిటంటే, ఆవిడకి ఒక ఆవేశపు డైలాగు పెట్టడం, లేదా ఒక చెంపదెబ్బ. దాంతో మూడో గడి మారదు, గొంతు పెరుగుతుందంతే. మారాలంటే నష్టం ఉన్న నిర్ణయం ఒకటి ఆవిడ చేతిలో పెట్టాలి. తమ్ముడు కొనేవాణ్ని తీసుకొస్తాడు, అక్క అగ్రిమెంటు చదివి కన్నీళ్లు పెట్టుకుంటుంది అనుకుందాం. దాన్ని ఇలా తిప్పండి: లెక్కల పుస్తకం ఆవిడ దగ్గరే ఉంటుంది, అప్పు ఎంతో ఆవిడకే తెలుసు, తమ్ముడికి చెప్పకుండా కొనేవాడికి తనే ఫోన్ చేసి షరతు పెడుతుంది. ఇప్పుడు దాచిన తప్పు ఆవిడది, తర్వాతి గొడవకి కారణం ఆవిడే. ప్రధాన పాత్రకి మంచితనం కంటే ముందు తప్పు చేసే వీలు కావాలి. స్త్రీ పాత్రల దగ్గర రచయితలు పిసినారితనం చూపించేది ఇక్కడే.

డైలాగులు లెక్కపెట్టాలంటే లైన్లు కాదు, పదాలు లెక్కపెట్టండి. తర్వాత అక్క డైలాగుల్లో ప్రశ్నార్థకాలన్నిటికీ ఎర్ర గీత పెట్టండి. "ఇప్పుడేం చేద్దాం?", "వాళ్లేమన్నారు?" లాంటివే సగం దాటితే, ఆవిడ ఉన్నది తమ్ముడు విషయం వివరించడానికి. ఆ ప్రశ్నల్లో కొన్నిటిని తెలిసిన మనిషి చెప్పే మాటలుగా మార్చండి. "వాళ్లేమన్నారు?" బదులు "ఒప్పుకుని ఉండరు."

పాత్రల పరిచయ వాక్యాలన్నీ ఒక కాగితం మీద ఎత్తి రాయండి. మగ పాత్రకి వయసు, వృత్తి, అలవాటు రాసి, ఆడ పాత్రకి "అందంగా ఉంటుంది" అని వదిలేసి ఉంటే అక్కడే దొరికిపోతుంది. ఆడిషన్‌లో నటికి మొదట కనబడేది ఆ వాక్యమే. చిన్న పాత్రలకైతే హాలీవుడ్ నటి జీనా డేవిస్ 2013లో రాసిన చిట్కా ఇప్పటికీ చవకైనది: రాసేసిన స్క్రిప్టులో కొన్ని పేర్లు ఆడ పేర్లుగా మార్చేయడం, "గుంపు చేరింది" అని ఉన్నచోట "అందులో సగం ఆడవాళ్లు" అని చేర్చడం. రాయకపోతే జూనియర్ ఆర్టిస్టులని తెచ్చేవాళ్లు తమ అలవాటు ప్రకారం తెస్తారు.

లెన్స్‌క్యాప్:

స్క్రిప్టు ఎంత సరిచేసినా షాట్ డివిజన్‌లో మళ్లీ పాత దారికి పోతుంది, ఎందుకంటే అక్కడ చాలా నిర్ణయాలు అలవాటు మీద జరిగిపోతాయి. సినిమా సిద్ధాంతకర్త లారా మల్వీ 1975లో 'స్క్రీన్' పత్రికలో రాసిన వ్యాసం మేల్ గేజ్ (మగవాడి చూపు) పేరుతో అందరూ వాడేస్తున్నారు గానీ, అందులో పనికొచ్చే సాధనం మూడు చూపుల విభజన: కెమెరా చూపు, ప్రేక్షకుడి చూపు, తెరమీద పాత్రల చూపు. ప్రతి షాట్ పక్కన "ఇది ఎవరి చూపు?" అని ఒక గడి పెట్టండి. కాళ్ల నుంచి మొహం దాకా టిల్ట్ అప్ రాసుకున్నారా? ఆ గడిలో ఒక పాత్ర పేరు పడితే ఆ పాత్ర చూస్తున్నట్టు కూడా చూపించండి, అప్పుడు అది ఆ పాత్ర గురించిన సమాచారం అవుతుంది. పేరేమీ పడకపోతే ఆ చూపు మీదే, తీసేయండి.

ఇక కొలతలు. మాటా మాటా నడిచే సీన్లో తమ్ముడికి వెనక గదంతా చూపే 35 ఎంఎం లెన్స్, అక్కకి మొహాన్ని దగ్గర చేసే 85 ఎంఎం, పైన బొమ్మని మెత్తబరిచే డిఫ్యూజన్ ఫిల్టర్. ఇది చాలా మామూలుగా జరిగేదే. ఫలితం చూడండి: అతని వెనక మెషీను, కాగితాల కట్టలు, తలుపు అన్నీ కనబడతాయి, అతను ఆ ప్రెస్‌కి యజమానిలా ఉంటాడు. ఆవిడ వెనక అంతా మసక, మొహం తప్ప ఏమీ లేదు. ఆస్తి ఎవరిదన్న కథలో ఇది డైలాగు కంటే గట్టిగా మాట్లాడుతుంది. ఇద్దరికీ ఒకే లెన్స్, ఒకే దూరం పెట్టండి. తేడా కావాలంటే కావాలని పెట్టండి.

కెమెరా ఎత్తు టేపుతో కొలవండి. నటుడు పొడుగు, నటి పొట్టి అయినప్పుడు ట్రైపాడ్ అతని కంటి ఎత్తులోనే ఉండిపోతుంది, ఆవిడ క్లోజప్ టాప్ యాంగిల్‌గా వస్తుంది. ఎవరూ అనుకుని చేయరు, అయినా అవుతుంది. లైటింగ్‌లో కూడా అంతే. అతనికి కీ లైటు (ప్రధాన వెలుగు), ఫిల్ లైటు (నీడల్ని తగ్గించే వెలుగు) నిష్పత్తి 4:1, అంటే రెండు స్టాపుల తేడా (ఒక్కో స్టాపుకి వెలుగు రెట్టింపు), ఆవిడకి 2:1, అంటే ఒక్క స్టాపు. అతని మొహంలో ఆలోచన కనబడుతుంది, ఆవిడ మొహంలో చర్మం కనబడుతుంది. ఒకే గదిలో ఒకే దీపం కింద ఉన్న ఇద్దరికి రెండు వాతావరణాలు ఎందుకో డీఓపీని (ఛాయాగ్రాహకుణ్ని) అడగండి. "అందంగా ఉండాలి కదా" అనేది జవాబు కాదు.

కట్‌పాయింట్:

లెన్స్‌క్యాప్ గారు చెప్పిన లెన్స్ లెక్కలు నిజమే గానీ, వాటికి నేను అంత బరువు ఇవ్వను. ఒకే లెన్స్‌తో తీసిన సీన్ని కూడా ఎడిట్‌లో పూర్తిగా ఒకరివైపు తిప్పేయొచ్చు.

చూపు కట్టేది మూడు షాట్లతో: చూసే మనిషి, చూసిన వస్తువు, మళ్లీ ఆ మనిషి స్పందన. రఫ్ కట్‌లో (మొదటి ముతక ఎడిట్‌లో) ఈ మూడు షాట్ల వరసలన్నీ గుర్తుపెట్టి, మొదటి, మూడో స్థానాల్లో అక్క ఎన్నిసార్లు ఉంది, తమ్ముడు ఎన్నిసార్లు ఉన్నాడు రాసుకోండి. స్క్రీన్ టైమ్ ఆవిడకే ఎక్కువ ఉండి ఈ లెక్కలో వెనకబడితే, పాఠకులన్న "పక్కన నిలబడి చూస్తోంది" అదే. చిత్రం ఏమిటంటే నిజానికి ఆవిడ చూడటం కూడా లేదు, ఆవిణ్ని చూస్తున్నాం.

రెండో పరీక్ష: ఆవిడ ఉన్న షాట్లు మాత్రమే వేరే టైమ్‌లైన్ మీద వరసగా పేర్చి, సౌండ్ ఆపేసి చూడండి. ఏదో ఒక కథ అర్థం కావాలి. వరసగా ఏడుపు, మౌనం, తలుపు దగ్గర నిలబడటం తప్ప ఏమీ లేకపోతే స్క్రిప్టుకి వెనక్కి వెళ్లాల్సిందే.

మూడోది మాట మీద బొమ్మ. ఆవిడ ముఖ్యమైన మాట చెబుతుంటే కట్ తమ్ముడి మొహం మీద ఉందా? అలా ఉంటే ఆ మాట అతనికి తగిలిన దెబ్బ అవుతుంది, ఆవిడ నిర్ణయం అవ్వదు. మాట పూర్తయ్యేదాకా ఆవిడ మీదే ఉండి, ఆ తర్వాత ఇంకో 12 ఫ్రేములు, అంటే సెకనుకి 24 ఫ్రేముల లెక్కన అర సెకను ఆగి, అప్పుడు కట్ చేసి చూడండి. మనిషి తన మాటకి తానే భయపడటం ఆ అర సెకనులోనే దొరుకుతుంది.

ఇవన్నీ చేయాలంటే ఫుటేజ్ ఉండాలి. ప్రతి ముఖ్య సీన్‌కీ ఆవిడ వింటున్న సింగిల్ (ఆవిడ ఒక్కతే ఉన్న షాట్) ఒకటి మొదటినుంచి చివరిదాకా ఆపకుండా తీయించండి. షూటింగ్‌లో టైమ్ అయిపోతే మొదట ఎగిరిపోయేది అదే. ఎడిటర్ ఆడమనిషి అయితే చూపు దానంతటదే మారుతుందనుకోవడం భ్రమ. స్టూడియోల తొలి రోజుల్లో ఫిల్ము కత్తిరించే పని కుట్టుపనిలాంటిదని ఎందరో ఆడవాళ్లకి అప్పగించారు, తెరమీద మాత్రం ఏం తీసిచ్చారో అదే వచ్చింది.

కాల్‌షీట్:

యూనిట్ సంగతి నేను చెబుతాను. "ఆడవాళ్లు ఇప్పుడిప్పుడే వస్తున్నారు" అనేది చరిత్ర తెలియని మాట. ఆలిస్ గీ 1896లోనే ఫ్రాన్స్‌లో కథా చిత్రం తీసింది, 1910లో అమెరికాలో సోలాక్స్ అనే సొంత స్టూడియో పెట్టింది. భానుమతి 1953లో 'చండీరాణి'ని మూడు భాషల్లో డైరెక్ట్ చేశారు. విజయనిర్మల 44 సినిమాలు తీసి గిన్నిస్‌కెక్కారు. వచ్చినవాళ్లు ఉన్నారు, వాళ్ల వెనక దారి మూసుకుపోయింది. కెమెరా విభాగంలో ఆస్కార్ నామినేషన్ ఒక మహిళకి మొదటిసారి దక్కింది 2018లో, రేచెల్ మారిసన్‌కి.

కాబట్టి తలలు లెక్కపెట్టకండి, పదవులు లెక్కపెట్టండి. కాస్ట్యూమ్, మేకప్, కంటిన్యూటీ పక్కన పెట్టి కెమెరా, సౌండ్, ఆర్ట్, ఫస్ట్ ఏడీ (షూటింగ్ టైమ్ నడిపే మొదటి అసిస్టెంట్ డైరెక్టర్), గాఫర్ (లైటింగ్ సిబ్బంది పెద్ద) ఎవరో చూడండి. తర్వాత డబ్బు. స్వీడన్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ 50:50 లక్ష్యం పెట్టుకుని పనిచేసింది. సినిమాల సంఖ్య సమానానికి చేరువైనా బడ్జెట్లలో తేడా మిగిలే ఉందని తర్వాత వాళ్ల నివేదికే చెప్పింది.

ఎంపికలో పట్టు ఉండేది షార్ట్‌లిస్ట్ దగ్గర. 2018 ఆస్కార్ వేదిక మీద నటి ఫ్రాన్సెస్ మెక్‌డోర్మండ్ పలికిన ఇన్‌క్లూజన్ రైడర్ (ఒప్పందంలో చేర్చే షరతు) తిన్నగా ఫలానా ఉద్యోగం ఆడవాళ్లకే అనదు, ఇంటర్వ్యూకి పిలిచే జాబితాలో వాళ్లు ఉండి తీరాలంటుంది. మీ స్థాయిలో ఇది చాలు: ప్రతి పోస్టుకీ నలుగురిని పిలిస్తే కనీసం ఇద్దరు ఆడవాళ్లు. "ఇంత సైజు సినిమా ఇంతకుముందు చేసి ఉండాలి" అనే షరతు మాత్రం తీసేయండి, ఎవరూ మొదటిది ఇవ్వకపోతే ఎవరికీ రెండోది రాదు. అసిస్టెంట్ల పనితనం చూడాలంటే షోరీల్ (చేసిన పనుల నమూనా వీడియో) కంటే వాళ్లు పనిచేసిన ఫస్ట్ ఏడీకి ఫోన్ చేయడం మేలు.

సెట్ మీద చిన్నవి. టాయిలెట్ ఎక్కడుందో కాల్‌షీట్‌లోనే రాయండి, లొకేషన్ రెక్కీలో, అంటే షూటింగ్‌కి ముందు చోటు చూడటానికి వెళ్లినప్పుడు, అది మొదటి ప్రశ్న కావాలి. నీళ్లు తాగకుండా పన్నెండు గంటలు పనిచేసేవాళ్లు ఎవరో ఊహించగలరు. రాత్రి ప్యాకప్ అయితే ఇంటిదాకా బండి అందరికీ. హార్నెస్‌లు, గ్లవ్స్ చిన్న సైజులు ముందే తెప్పించండి. స్టెడీక్యామ్ (ఒంటికి తగిలించుకుని నడిచే కెమెరా) ఆపరేటర్‌కి ముందు ప్లేటు ఛాతీ మీద నొక్కుతుంటే వీపు వైపు మౌంట్ ఉండే వెస్టులు దొరుకుతాయి.

సన్నిహిత సన్నివేశానికి రాతపూర్వక ఒప్పందం తప్పనిసరి. ఎక్కడ ముట్టుకోవచ్చు, ఎక్కడ కూడదు, ఏం కనబడుతుంది, మిగిలిపోయిన టేకులు ఏమవుతాయి, అన్నీ అందులో ఉండాలి. అమెరికా నటుల సంఘం నిబంధన ప్రకారం ఆ కాగితం కాల్ టైమ్‌కి కనీసం 48 గంటల ముందు అందాలి, పొద్దున మేకప్ కుర్చీలో ఇచ్చి సంతకం పెట్టించుకోవడం సమ్మతి కాదు. కదలికలన్నీ ఫైట్ సీనులా లెక్కలతో బట్టల మీదే రిహార్సల్ చేయండి. సెట్ మీద ఆ షాట్‌కి అవసరమైనవాళ్లే ఉండాలి, ఫోన్లు బయట, మానిటర్ ఒక్కటే. ఒప్పుకున్నదాన్ని మధ్యలో వద్దనే హక్కు ఉంటుంది కాబట్టి ప్రత్యామ్నాయ షాట్ ఒకటి ముందే రాసి పెట్టుకోండి. అది లేకపోతే మొహమాటం పనిచేస్తుంది.

పేజీ_ముప్పైరెండు:

చాలా థ్యాంక్స్ అండీ. పట్టిక వేశాను, మూడో గడి నిండా తమ్ముడే. ఒక సందేహం: ఇంటిమసీ కోఆర్డినేటర్‌ని (సన్నిహిత సన్నివేశాల్లో నటుల సమ్మతి, కదలికలు చూసుకునే మనిషిని) పెట్టుకునే స్తోమత లేదు. ఆ పని నేనో, ఫస్ట్ ఏడీనో చూసుకోవచ్చా?

కాల్‌షీట్:

కూడదండీ. మీకు షాట్ కావాలి, ఫస్ట్ ఏడీకి టైమ్ కావాలి. ఈ రెండూ అక్కర్లేని మనిషి ఉండాలి. శిక్షణ లేనివాళ్లని ఆ పేరుతో పిలవకండి. శిక్షణ పొందినవాళ్లతో ఒక గంట ఆన్‌లైన్‌లో మాట్లాడి ఒప్పందం, కదలికలు ఖరారు చేసుకోండి, సెట్ మీద నటి తనే ఎంచుకున్న ఒకరు పక్కన ఉండాలి. అదీ కుదరకపోతే ముట్టుకునే అవసరం లేకుండా సీను తిరగరాయండి: తలుపు దగ్గర ఆపి మర్నాడు ఉదయానికి కట్ చేయొచ్చు. తీయాలనే అనుకుంటే మాత్రం ఆ రోజు చివరి సీనుగా పెట్టకండి. లైటు పోతోందన్న తొందర ఉన్నప్పుడు వద్దు అనడం ఎవరికైనా కష్టమే.